హాస్టల్ ఫోన్‌లో పదికి ఎంత?

ఇంటర్‌కి పిల్లల్ని హాస్టల్‌లో వేసినవాళ్లకి తెలిసిందే, ఆదివారం ఫోన్ వస్తుంది, ఎలా ఉన్నావ్ అంటే "బాగానే ఉన్నా" అంటారు, అంతే. వెనక లైన్లో ఇంకో పదిమంది, పక్కన వార్డెన్, వాళ్లు మాత్రం ఏం చెప్తారు!

మేం ఇప్పుడు నంబర్ అడుగుతున్నాం. ఇంటికి వచ్చినప్పుడే మాట్లాడుకుని పెట్టుకోవాలి: 10 అంటే హాయిగా ఉన్నట్టు, 5 అంటే నెట్టుకొస్తున్నట్టు, 3 అంటే మీరు రండి అని. ఫోన్ రాగానే "ఈ వారం పదికి ఎంత?" అనడమే, పక్కనున్నవాళ్లకి అది ఏదో టెస్టు మార్కుల్లా వినిపిస్తుంది. నంబర్‌ని క్యాలెండర్ మీద రాసుకోండి. తర్వాత నిద్ర ఎలా పడుతోంది, మెస్‌లో తినబుద్ధి అవుతోందా అని అడగండి, ర్యాంకు సంగతి వాళ్లంతట వాళ్లు ఎత్తితే సరే, లేకపోతే ఆ వారానికి వదిలేయండి. వరసగా రెండు వారాలు తగ్గితే 3 దాకా ఆగకుండా బస్సెక్కి వెళ్లి ఓ పూట బయటికి తీసుకెళ్లండి.

"నాలుగేంటి, వచ్చే వారం ఎనిమిది ఉండాలి" అన్నారంటే మాత్రం ఇక ఎప్పుడూ ఎనిమిదే చెప్తారు, దీనికి విలువుండదు. చచ్చిపోవాలనుంది లాంటి మాట వస్తే నంబర్లు పక్కనపెట్టి ఎవరో ఒకరు తోడుండేలా చూసి వెంటనే బయల్దేరండి, దారిలోనే టెలీ మానస్ (ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్) 14416కి ఫోన్ చేయండి, ఉచితం, రాత్రీ పగలూ ఉంటుంది, తెలుగులోనూ మాట్లాడతారు.