పాత కాలపు చిత్రాలకు ప్రొడక్షన్ డిజైనర్ కావాలంటే

సినిమాలో నటీనటుల చుట్టూ కనిపించే గోడలు, వీధులు, దీపాలు, బల్ల మీది ఉత్తరం వరకు ప్రతిదాని రూపానికీ బాధ్యత వహించే వ్యక్తి ప్రొడక్షన్ డిజైనర్. మొదట్లో ఈ పనికి ఆర్ట్ డైరెక్టర్ అన్న పేరే ఉండేది. 1939లో విడుదలైన ‘గాన్ విత్ ద విండ్’ చిత్రానికి విలియం కామెరాన్ మెంజీస్ చేసిన పనితో కొత్త పేరు వాడుకలోకి వచ్చినా, ఆస్కార్ అవార్డుల్లో ఈ విభాగం పేరు 2012లో గానీ మారలేదు. నేటి చిత్రాల్లో ఆర్ట్ డైరెక్టర్ ప్రొడక్షన్ డిజైనర్ కింద పనిచేస్తూ డ్రాయింగులు, నిర్మాణం, ఖర్చు చూసుకుంటారు. సెట్ డెకరేటర్ గదిని సామానుతో నింపుతారు. నటులు చేత్తో పట్టుకునే వస్తువులు ప్రాప్స్ విభాగానివి. ఈ రంగంలోకి రాదలచినవారు ముందుగా ఈ తేడాలు తెలుసుకోవాలి.

దీనికి ఫలానా డిగ్రీయే ఉండాలన్న నియమం లేదు. ఆర్కిటెక్చర్, రంగస్థల రూపకల్పన, చిత్రకళ, ఇంటీరియర్ డిజైన్ చదివినవారు ఈ వృత్తిలో ఎక్కువగా కనిపిస్తారు. ఏది చదివినా, చేతితో వేగంగా స్కెచ్ వేయడం, కొలతలతో ప్లాను గీయడం, కార్డుబోర్డుతో నమూనా చేయడం నేర్చుకోవాలి. కంప్యూటర్లో త్రీడీ నమూనా చేయగలిగినా, దర్శకుడు బల్లకు అవతల కూర్చుని మాట్లాడుతున్నప్పుడు పెన్సిలుతో అక్కడికక్కడే గీసి చూపగలిగినవారి మాటకు ఉండే విలువ వేరు.

పాత కాలపు చిత్రాల్లో ప్రత్యేకత సాధించాలంటే పరిశోధన ఎలా చేయాలో తెలియాలి. ఛాయాచిత్రాలు, వర్ణచిత్రాలు, ఆస్తి జాబితాలు, వ్యాపారుల కేటలాగులు, ప్రయాణికుల దినచర్యలు, భవనాల కొలత చిత్రాలు ఇందుకు ఆధారాలు. వీటిలో ఏదీ పూర్తి నిజం చెప్పదు. తొలినాటి ఛాయాచిత్ర ఫలకాలు నీలి కాంతికి ఎక్కువగా స్పందించేవి, ఎరుపుకు దాదాపు స్పందించేవే కావు. అందువల్ల వాటిలో ఎర్రని వస్త్రం నల్లగా, నీలాకాశం తెల్లగా కనిపిస్తాయి. ఆ బొమ్మల్లోని ముదురు, లేత ఛాయలను బట్టి గోడ రంగు నిర్ణయిస్తే మోసపోతాం. వర్ణచిత్రాల్లో గదులు సాధారణంగా కొనుగోలుదారు కోరుకున్నంత శుభ్రంగా ఉంటాయి. ఒక వివరాన్ని సెట్ మీదికి తెచ్చే ముందు కనీసం రెండు వేర్వేరు రకాల ఆధారాలతో సరిచూసుకునే అలవాటు చేసుకోండి.

ప్రతి వస్తువుకూ పుట్టిన సంవత్సరం ఉంటుందన్న స్పృహ నిత్యం ఉండాలి. కూడిక గుర్తు ఆకారపు గాడి ఉన్న ఫిలిప్స్ స్క్రూ 1930లలో వచ్చింది కాబట్టి 1900 నాటి తలుపు బందులకు ఒకే అడ్డగీత ఉన్న స్క్రూలే ఉండాలి. కరిగిన గాజును కరిగిన తగరంపై తేల్చి చదునైన అద్దం చేసే ఫ్లోట్ గాజు పద్ధతిని పిల్కింగ్టన్ సంస్థ ప్రకటించినది 1959లో. అంతకు ముందటి కిటికీ అద్దాల్లో చాలావాటిలో సన్నని అలలు కనిపిస్తాయి. 1916 ప్రాంతంలో టైటానియం తెలుపు అన్న రంగు మార్కెట్లోకి రావడం మొదలయ్యేదాకా, నేటి కళ్ళకు అలవాటైన ఆ చల్లని, మిరుమిట్లు గొలిపే తెల్ల రంగు గోడలపై లేదు. అక్షరాలు మరింత ప్రమాదకరం. టైమ్స్ న్యూ రోమన్ అన్న ఫాంటు (అక్షర రూపం) 1932లో, హెల్వెటికా ఫాంటు 1957లో వచ్చాయి. అంతకు ముందరి దుకాణం బోర్డుపై వాటిని వాడితే తెలిసినవారు వెంటనే పట్టేస్తారు. అందుకే ఇలాంటి చిత్రాల్లో గ్రాఫిక్ డిజైనర్‌ను తొలి వారాల నుంచే పనిలోకి తీసుకోవాలి.

తేదీలన్నీ సరిపోయినంత మాత్రాన సెట్ నమ్మదగినది కాదు. కొత్తగా వచ్చినవారు తరచుగా చేసే తప్పు, 1950లో జరిగే కథకు 1950లో తయారైన వస్తువులనే పోగుచేయడం. ఏ ఇంట్లోనైనా తాతల నాటి పెట్టె, పెళ్ళికి కొన్న మంచం, నిన్న మొన్న కొన్న రేడియో కలిసే ఉంటాయి. ఆ ఇంట్లో ఎవరు ఎప్పుడు చేరారు, వారి దగ్గర డబ్బు ఎప్పుడు ఆడింది, ఎప్పుడు కరువైంది అన్నది ముందుగా రాసుకుంటే సామాను ఎంపిక సులువవుతుంది. సెట్‌ను పాతదిగా కనిపించేలా చేసే పనికీ ఇదే సూత్రం వర్తిస్తుంది. గోడంతా సమానంగా మురికి పూయకూడదు. తలుపు గడియ దగ్గర చేతుల జిడ్డు, దీపం పైన మసి, కుర్చీ వీపు ఆనే చోట ఒరిపిడి కనిపించాలి. కథ నాటికి ఆ ఇల్లు కొత్తదే అయితే అది కొత్తగానే మెరవాలి. పాతకాలమంటే అన్నీ గోధుమ రంగులో ఉండేవన్న భ్రమ ఛాయాచిత్రాలు వెలసిపోవడం వల్ల కలిగిందే.

వెలుతురు గురించి ఛాయాగ్రాహకునితో మొదటి సమావేశంలోనే మాట్లాడాలి. విద్యుత్తు లేని కాలపు గదిలో కిటికీలు ఎక్కడ, దీపాలు ఎన్ని అన్నది డిజైనర్ నిర్ణయమే. 1975 నాటి ‘బ్యారీ లిండన్’లో కొన్ని దృశ్యాలను కొవ్వొత్తుల వెలుతురులోనే తీయడానికి అమెరికా అంతరిక్ష సంస్థ నాసా కోసం తయారైన, చాలా తక్కువ వెలుతురులోనూ చిత్రీకరించగల ఎఫ్/0.7 జైస్ లెన్సులు వాడారు. దాని ప్రొడక్షన్ డిజైనర్ కెన్ ఆడమ్‌కు ఆ చిత్రం ఆస్కార్ తెచ్చిపెట్టింది.

స్క్రిప్టు చేతికి రాగానే సన్నివేశాల వారీగా స్థలాలను విడదీసి, ఏది కట్టాలి, ఏది లొకేషన్‌లో తీయాలి, ఏది కంప్యూటర్‌లో పొడిగించాలి అని తేల్చాలి. లొకేషన్‌లో యాంటెన్నాలు, రోడ్డు గీతలు, స్విచ్చులు, నిఘా కెమెరాలు దాచవలసి ఉంటుంది. వాటిని కప్పడానికయ్యే ఖర్చును ప్రతి షాట్‌లో కంప్యూటర్‌తో తుడిపించడానికయ్యే ఖర్చుతో పోల్చి చూడాలి. సాధారణంగా నటుల చేతికి అందే మేరకు, కెమెరా దగ్గరగా చూసే మేరకు కట్టి, ఆపై ఎత్తును విజువల్ ఎఫెక్ట్స్‌కు వదలడం మేలు. ఆ హద్దు గీత విజువల్ ఎఫెక్ట్స్ పర్యవేక్షకునితో ముందే గీసుకోకపోతే చివరికి రెండు విభాగాలూ ఒకే గోడకు డబ్బు పెడతాయి.

వృత్తిలో మెట్లు నిదానంగా ఎక్కాలి. ఆర్ట్ విభాగంలో సహాయకునిగా, డ్రాయింగులు గీసేవారిగా, అసిస్టెంట్ ఆర్ట్ డైరెక్టర్‌గా, ఆర్ట్ డైరెక్టర్‌గా పనిచేసి ఆ తరువాతే సొంత చిత్రం చేపట్టడం ఎక్కువమంది అనుభవం. మధ్యలో లఘుచిత్రాలకు, నాటకాలకు పనిచేయండి. పోర్ట్‌ఫోలియోలో పూర్తయిన సెట్ల ఫోటోలే కాక ఒక దృశ్యం పుట్టిన క్రమం, అంటే ఆధారాలు, తొలి గీతలు, కొలత చిత్రం, నమూనా, చివరి ఫ్రేము వరుసగా ఉండాలి. పని లేని వారాల్లో మీకు నచ్చిన ఒక దశాబ్దాన్ని ఎంచుకుని, ఒకే గదిని ఒక పేద ఇంటికి, ఒక ధనిక ఇంటికి రూపొందించి ఆ పత్రాలనూ అందులో చేర్చండి. నియమించేవారు ముందుగా వాటినే తెరిచి చూడవచ్చు.