కథలో కాలం జారితే కొలిచేది ఎట్టా

ఈమధ్య మా నెల్లూరులో కాలం వంకరపోయే కథలు రాసే పిల్లకాయలు ఎక్కువయ్యారు. మా అక్క కొడుకు ఒకడు. ఉదయగిరి కొండమీద ఒక చోట కాలం మెల్లగా నడుస్తుందని రాసి తెచ్చాడు. "ఎంత మెల్లగా రా అబ్బయ్యా?" అంటే "చాలా, మామా" అన్నాడు. వాచీలు రిపేరు చేసేవాడి దగ్గర 'చాలా' అంటే కుదరదు. అందుకని వాడి కథకోసం ఒక కొలత కట్టిచ్చా, పేరు 'జారు'. సైన్సు పుస్తకాల్లో వెతకబాకండి, అది ఆడ ఉండదు.

పంచాంగం లెక్కలో రోజుకి 60 గడియలు, గడియకి 60 విగడియలు. అంటే విగడియకి 24 సెకన్లు. రోజు మొత్తానికి ఒక విగడియ తేడా వస్తే ఒక జారు. గంటకి ఒక సెకను అన్నమాట, వేళ్లమీద తేలిపోతుంది. వెనకబడితే దిగుజారు, ముందుకు ఉరికితే ఎగుజారు.

కొలవాల్సింది తేడాని కాదు, తేడా పెరిగే జోరుని. మా కొట్టుకి వచ్చినాయన "అయిదు నిమిషాలు లేటయ్యా" అంటే, టైము ఎప్పుడు పెట్టారని అడుగుతా. నిన్న పెట్టుంటే వాచీకి జబ్బు. ఉగాదికి పెట్టి దసరాకి వచ్చుంటే ఆ కీ వాచీకి దణ్ణం పెట్టాలి.

ఇక పద్ధతి. రెండు కీ వాచీలు తీసుకోండి. పాత హెచ్‌ఎంటీలు బాగుంటాయి, సెకనుకి అయిదు టిక్కులు, గంటకి 18,000. ముందు రెండిటినీ డయలు పైకి పెట్టి ఒకరోజు పక్కపక్కనే ఉంచి, వాటి సొంత తేడా ఎంతో చూడండి. రోజుకి 12 సెకన్లయితే అర జారు, దాన్ని చివర్లో సవరించుకోవాలి. తర్వాత ఒకటి కింద ఊళ్లో ఉంచి రెండోది కొండెక్కించండి. చేతికి కట్టబాకండి, వాలు మారితే వాచీ నడకా మారుతుంది. డబ్బాలో డయలు పైకి పెట్టి మోయాలి. బయల్దేరేటప్పుడు ముళ్లు కలవకపోయినా పర్లేదు, తేడా రాసుకోండి. పోయేటప్పుడు పైది 4 సెకన్లు వెనక, ఆరు గంటల తర్వాత 64 సెకన్లు వెనక అనుకోండి. 60ని కింద వాచీ చూపిన గంటలతో, అంటే ఆరుతో భాగిస్తే పది దిగుజార్లు.

మీ కథలో పాత్ర అక్కడే కేకలు పెట్టకూడదు. ముందు అయస్కాంతం సంగతి చూడాలి. వాచీ నడకని అదుపులో ఉంచే సన్నటి చుట్ల తీగ, హెయిర్ స్ప్రింగు అంటారు, దానికి అయస్కాంతం పడితే చుట్లు ఒకదానికొకటి అతుక్కుని వాచీ పిచ్చిగా ముందుకు ఉరుకుతుంది. సెల్లు వాచీ అయితే రోహిణీ కార్తె ఎండకి కాస్త వెనకబడుతుంది, కానీ అది రోజుకి సెకను లోపే. కథ నడపడానికి చాలదు.

ఎండపొడనిబట్టి లెక్క వెయ్యబాకండి. మన దేశం టైము 82.5 డిగ్రీల రేఖాంశానిది, నెల్లూరేమో 80 దగ్గర. అందుకని మన మిట్టమధ్యాహ్నం సగటున పది నిమిషాలు ఆలస్యం. అది ఎప్పుడూ ఉండే తేడా, జార్లు సున్నా. కానీ డిసెంబరు చివర్లో సూర్యుడే రోజుకి అర నిమిషం దాకా వెనకబడతాడు, ఒక జారు పైమాటే! అది తెలియకపోతే కథంతా తప్పుదారి పడుతుంది. కావాలని పాఠకుణ్ణి దారి తప్పించాలంటే మాత్రం ఇంతకంటే మంచి ఎర లేదు.

మా వాడు ఒప్పుకోని సంగతి ఒకటుంది. నిజం సైన్సులో ఎత్తుకి పోయేకొద్దీ గడియారం వేగం పెరుగుతుంది. దారి చూపే జీపీఎస్ ఉపగ్రహాల్లో గడియారాలు రోజుకి 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. ఒక జారుని పది లక్షల వంతులు చేస్తే అందులో ఒకటిన్నర వంతు, అంతే. కాబట్టి కొండమీద దిగుజారు పెట్టాలంటే కారణం మీరే కల్పించాలి.

హద్దు కూడా గుర్తుంచుకోండి. గంటకి 3600 సెకన్లే గనక 1800 దిగుజార్లంటే సగం జోరు, 3600 అంటే కాలం నిలిచినట్టే. దాటితే వెనక్కి నడవాలి, ఆ కథ నన్నడగబాకండి. ఎగుజారుకి హద్దు లేదు.

మా వాడు చివరికి 3599 పెట్టాడు. కింద గంట గడిస్తే పైన ఒక్క సెకను. మేకలు కాసే ఆయన ఆడ నిమిషంసేపు నిలబడి నీళ్లు తాగి దిగితే కింద రెండున్నర రోజులు అయిపోయుంటాయి. ఇంట్లో ఆయన పెళ్లాం ఏమంటుందో అది రాయమని పంపించా.