చెక్ బౌన్స్ కేసు మనమే నేర్చుకుందాం – 6వ పాఠం: ఫిర్యాది రాలేదని కేసు పోతే

పోయిన పాఠంలో క్రాస్ ఎగ్జామినేషన్ (సాక్షిని అవతలి వకీలు ప్రశ్నించడం) దాకా వచ్చాం. ఈసారి పాఠం కష్టపడి కేసు నడిపి ఒక్క వాయిదాతో పోగొట్టుకున్నవాళ్ల కోసం.

కావలిలో రొయ్యల మేత అమ్మే వ్యాపారి ఒకాయన ఉన్నాడనుకుందాం. చెరువు రైతుకు పంటకాలమంతా మేత అప్పు మీద ఇచ్చాడు. రైతు రాసిచ్చిన నాలుగు లక్షల చెక్కు చెల్లలేదు. కేసు వేసి సాక్ష్యం చెప్పాడు, క్రాస్ కూడా అయిపోయింది. తర్వాతి వాయిదా నాటికి జ్వరంతో మంచం పట్టాడు. వకీలు వేరే కోర్టులో ఉన్నారు. బంట్రోతు మూడుసార్లు పిలిచినా పలికేవాళ్లు లేరు. సాయంత్రానికి ముద్దాయి నిర్దోషి అని ఆర్డరు వచ్చేసింది.

సివిల్ దావా ఇలా పోతే అదే కోర్టులో పిటిషన్ వేసి తిరిగి తెరిపించుకోవచ్చు. ఇక్కడ ఆ దారి లేదు. ఇచ్చిన ఆర్డరును మేజిస్ట్రేటు తానే రద్దు చేయలేరు. ఆ పిటిషన్ల చుట్టూ తిరిగి అప్పీలు గడువు పోగొట్టుకోకండి.

అప్పీలుకు పాత దారి హైకోర్టు. మన జిల్లాలవాళ్లయితే అమరావతి వెళ్లి, ముందు ప్రత్యేక అనుమతి అడగాలి. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో ఇది 378(4), కొత్త నాగరిక్ సురక్షా సంహితలో 419(4). చెక్కు కేసులో ఫిర్యాది కూడా బాధితుడేనని, అనుమతి అడగకుండానే అప్పీలు చేసుకోవచ్చని 2025లో సెలెస్టియం ఫైనాన్షియల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. దాంతో నెల్లూరులోనో ఒంగోలులోనో సెషన్స్ కోర్టుకు వెళ్లే దారి తెరుచుకుంది. ఆ దారిలో వెళ్లేవాళ్లు ముప్పై రోజుల్లోపే వేస్తే క్షేమం.

హైకోర్టు అనుమతికి గడువు అరవై రోజులు. ఆర్డరు వచ్చిన రోజు లెక్కలోకి రాదు. సర్టిఫైడ్ కాపీ కోసం పట్టిన రోజులూ రావు. ఆర్డరు మార్చి 10న వచ్చింది, కాపీకి 12న దరఖాస్తు చేశారు, 24న సిద్ధమైంది అనుకోండి. మామూలుగా మే 9కి గడువు అయిపోవాలి. కాపీకి పట్టిన 13 రోజులు కలిపితే మే 22 దాకా ఉంటుంది. అదీ దాటితే ఆలస్యాన్ని మన్నించమని విడిగా పిటిషన్ వేసుకోవాలి.

ఇప్పుడు అసలు విషయం. అప్పీలు అనగానే అందరూ జ్వరం గురించి, మెడికల్ సర్టిఫికెట్ గురించి రాస్తారు. రాయండి, కానీ మొదట రాయాల్సింది అది కాదు. ముందుగా డాకెట్ షీట్ (ప్రతి వాయిదాలో ఏం జరిగిందో కోర్టు రాసుకునే కాగితం) మొత్తం నకలు తెచ్చుకుని, కేసు ఆ రోజుకు దేనికోసం వాయిదా పడిందో చూడండి. మన వ్యాపారి కేసు ముద్దాయిని పాత కోడ్‌లోని 313 కింద, అంటే సాక్ష్యంలో తన మీద వచ్చిన విషయాలకు ఏమంటాడో కోర్టే ప్రశ్నించడానికి పడింది. ఆ రోజు ఫిర్యాదితో పనేముంది? అసోసియేటెడ్ సిమెంట్ – కేశవానంద్ కేసులో సుప్రీంకోర్టు పట్టుకున్నది ఈ ప్రశ్ననే. ఫిర్యాది సాక్ష్యం ముగిశాక రాలేదన్న ఒక్క కారణంతో కేసు కొట్టేయడం తగదని 2023లో బీఎల్ఎస్ ఇన్‌ఫ్రాస్ట్రక్చర్ కేసులోనూ చెప్పింది. మీ కేసు కొత్త చట్టం కింద నడుస్తుంటే ఇంకొకటి కూడా చూడాలి. 279వ సెక్షన్ ప్రకారం ఫిర్యాదికి హాజరు కావడానికి ముప్పై రోజుల గడువు ఇచ్చారా?

అప్పీలులో మొదటి కారణం ఇలా రాయొచ్చు:

“ఫిర్యాది సాక్ష్యం, క్రాస్ ముగిసి కేసు ముద్దాయిని ప్రశ్నించడానికి వాయిదా పడి ఉంది. ఆ రోజు ఫిర్యాది హాజరు అవసరం లేదు. అంతకుముందు వాయిదాలకు ఫిర్యాది క్రమం తప్పక హాజరైనట్టు డాకెట్‌లో ఉంది. హాజరు మినహాయించి విచారణ సాగించే అధికారం ఉన్నా కింది కోర్టు దాన్ని పరిశీలించలేదు.”

జ్వరం సంగతి దీని కింద రెండో కారణంగా వస్తుంది. ‘క్రమం తప్పక’ అన్న మాట మీ డాకెట్ చూసి నిజమైతేనే రాయండి. నాలుగు వాయిదాలు వరసగా ఎగ్గొట్టి ఉంటే అవతలి వకీలు ఆ షీట్‌నే చూపిస్తాడు.

అభ్యాసం: ఆర్డరు ఆగస్టు 4న వచ్చింది. కాపీకి 20న దరఖాస్తు చేశారు. 27న సిద్ధమైతే సెప్టెంబరు 10న వెళ్లి తెచ్చుకున్నారు. ఇందులో ఏ రోజులు మినహాయింపులోకి వస్తాయి, హైకోర్టుకు ఆఖరి తేదీ ఏది?