న్యూరోస్పోరా రేస్ ట్యూబులో చారలు సరిగా రాకపోతే: సమస్య - కారణం - పరిష్కారం

న్యూరోస్పోరా క్రాసా అనే నారింజ రంగు బూజును పొడవాటి గాజు గొట్టంలో ఒక చివర నాటి చీకట్లో పెడితే, రెండో చివరకు పాకుతూ దాదాపు 22 గంటలకొక చార వేసుకుంటూ పోతుంది. చార అంటే బీజాలు దట్టంగా లేచిన చోటు. చారకూ చారకూ మధ్య పల్చటి పోగులే ఉంటాయి. ఈ గొట్టాన్నే రేస్ ట్యూబ్ అంటారు. జీవగడియారం (జీవి లోపల రోజువారీ లయను నడిపే ఏర్పాటు) మీద పనిచేసే ల్యాబుల్లో దశాబ్దాలుగా వాడుతున్నదే. హైదరాబాద్‌లోని సీసీఎంబీ పరిశోధన సంస్థలోనూ దుర్గాదాస్ కస్బేకర్ బృందం ఈ బూజు జన్యుశాస్త్రం మీద ఏళ్ల తరబడి పనిచేసింది.

ప్రాజెక్టు కోసం మొదటిసారి ట్యూబులు పెట్టేవాళ్లు చారలు సరిగా రాకపోతే వెంటనే పారేసి మళ్లీ పెడతారు. అలా చేయకండి. చాలాసార్లు బూజు తన పని చేసే ఉంటుంది. ఇంక్యుబేటర్లో (ఉష్ణోగ్రతను స్థిరంగా ఉంచే పెట్టెలో) ఏం జరిగిందో కూడా ఆ ట్యూబులోనే నమోదై ఉంటుంది.

పోల్చుకోవడానికి, మామూలు ట్యూబు లెక్క ఇది: బీడీ స్ట్రెయిన్ (చారలు స్పష్టంగా వేసే రకం), 25 డిగ్రీలు, పూర్తి చీకటి, రోజుకు మూడు నాలుగు సెంటీమీటర్ల పెరుగుదల. మీడియాలో (బూజు పెరిగే ఆహారంలో) వోగెల్స్ లవణాలు, 0.1 శాతం గ్లూకోజ్, 0.17 శాతం ఆర్జినిన్, కొద్దిగా బయోటిన్, 1.5 శాతం అగార్. నాటాక ఒక రోజు వెలుతురులో ఉంచి, పోగుల అంచు దగ్గర గీత గీసి, చీకట్లోకి మారుస్తాం. అప్పటి నుంచి 24 గంటలకోసారి ఎర్ర లైటు కింద అంచు గుర్తు పెడతాం.

చారలే లేవు

ముందు పెరుగుదల కొలవండి. రోజుకు ఏడెనిమిది సెంటీమీటర్లు పరిగెత్తి, బీజాలు పెద్దగా లేకపోతే మీ చేతిలో ఉన్నది బీడీ కాదు, మామూలు వైల్డ్ టైప్ (జన్యువు మారని సహజ రకం). మూసిన గొట్టంలో కార్బన్ డయాక్సైడ్ పేరుకుంటే దానికి బీజాలు వేయడం తగ్గిపోతుంది. బీడీలో రాస్-1 జన్యువు మారి ఉండటం వల్ల ఆ వాయువు ఉన్నా చారలు స్పష్టంగా వస్తాయి. పరిష్కారం ఒకటే, స్ట్రెయిన్ మార్చడం.

వేగం సరిగ్గానే ఉండి గొట్టమంతా ఒకటే నారింజగా ఉంటే వెలుతురు పడుతోందని అర్థం. నిరంతర వెలుతురులో గడియారం ఆడదు, బీజాలు ఆగకుండా వస్తాయి. ఇంక్యుబేటర్ లోపలి బల్బు తలుపు మూశాక నిజంగా ఆరుతోందా? ఫోన్‌లో వీడియో ఆన్ చేసి లోపల పెట్టి తలుపు మూసి చూడండి, తెలిసిపోతుంది.

వెలుతురు లేదని తేలితే మీడియా చూడండి. బూజు బాగా పెరుగుతుందని గ్లూకోజ్ పెంచేవాళ్లున్నారు. పెరుగుతుంది, కానీ చారలు ఒకదానిలో ఒకటి కలిసిపోతాయి. అదీ సరిగ్గానే ఉంటే గడియారాన్ని నడిపే ఫ్రీక్వెన్సీ జన్యువు పనిచేయని మ్యూటెంట్ (జన్యువు మారిన రకం) చేతికొచ్చిందేమో చూడాలి. దాంట్లో ఈ పరిస్థితుల్లో లయ కనిపించదు.

చారలు చక్కగా ఉన్నాయి, కానీ సరిగ్గా 24 గంటలకొకటి

చూడటానికి అందంగా ఉంటుంది, అందుకే ఎవరికీ అనుమానం రాదు. నా లెక్కలో ఇదే అన్నిటికన్నా ప్రమాదకరమైన ఫలితం. బీడీ స్ట్రెయిన్ తనంతట తాను నడిచే కాలం 22 గంటలకు అటూ ఇటూ. 24 వచ్చిందంటే బయటి నుంచి ఏదో దానికి రోజూ టైమ్ చెబుతోంది.

ఆ బయటిది భూమి తిరగడమేమో అని ఒకప్పుడు శాస్త్రవేత్తలకీ సందేహం ఉండేది. 1983లో కొలంబియా షటిల్‌లో స్పేస్‌ల్యాబ్-1 అనే ప్రయోగశాలతో పాటు ఈ ట్యూబులను అంతరిక్షానికి పంపారు. అక్కడా లయ ఆగలేదు. కాబట్టి మన ల్యాబులో కారణం ఇంకా దగ్గర్లోనే ఉంటుంది.

మొదటి అనుమానం, గుర్తు పెట్టే లైటు మీద. ఈ బూజు నీలం కాంతిని వైట్ కాలర్-1 అనే ప్రోటీన్‌తో పసిగడుతుంది. ఎరుపు దాని గడియారాన్ని కదపదు. తెల్ల టార్చికి ఎర్ర కాగితం చుడితే నీలం కాస్త తప్పించుకుని వస్తుంది. రోజూ పదింటికి మీరు ఆ టార్చి వేస్తే బూజు మీ పదింటికి అలవాటు పడుతుంది. అసలైన ఎర్ర ఎల్‌ఈడీ వాడండి, ఫోన్ బయటే వదిలేయండి.

రెండోది ఏసీ. పగలంతా వేసి సాయంత్రం ఆపేసే గదిలో, ఇంక్యుబేటర్ బదులు అట్టపెట్టెలో ట్యూబులు పెడితే ఉష్ణోగ్రత రోజూ ఒకే తీరుగా ఎక్కి దిగుతుంది. ఈ బూజుకు ఆ మార్పు వెలుతురుతో సమానంగా, ఒక్కోసారి అంతకన్నా గట్టిగా పనిచేస్తుంది. ఇక్కడ చాలామంది తికమకపడతారు. స్థిరంగా 20 డిగ్రీలున్నా 28 ఉన్నా కాలం పెద్దగా మారదు. కానీ 20 నుంచి 28కి ఎక్కితే మాత్రం గడియారం ముల్లు జరుగుతుంది. ట్యూబుల పక్కనే డేటా లాగర్ (ఉష్ణోగ్రతను ఎప్పటికప్పుడు నమోదు చేసే పరికరం) పెట్టండి. ఇంక్యుబేటర్ ముందు కనిపించే అంకెను నమ్మొద్దు.

ఒక్క ఎడం మాత్రం తేడాగా ఉంది

ఉదాహరణకు పెరుగుదల రోజుకు 36 మిల్లీమీటర్లు, అంటే గంటకు 1.5. చారల మధ్య ఎడం 33, 33, 40, 33 వచ్చాయనుకోండి. 33ని 1.5తో భాగిస్తే 22 గంటలు, బాగానే ఉంది. 40 దగ్గర మాత్రం ఏడు మిల్లీమీటర్లు, అంటే నాలుగు గంటల 40 నిమిషాలు వెనక్కి జరిగింది. సగటు తీసి 23.2 అని రాసేస్తే ఆ తేడా కనబడకుండా పోతుంది.

అన్ని ట్యూబుల్లో అదే చోట ఉంటే, ఆ రోజు కరెంటు పోయిందేమో కనుక్కోండి. ఎండాకాలంలో కూలింగ్ ఆగిన ఇంక్యుబేటర్ లోపల వేడెక్కడానికి ఎంతోసేపు పట్టదు. ఇంకొకటి, ఆ రోజు 24 గంటల గుర్తుల మధ్య దూరం కూడా పెరిగి ఉంటే వేడికి బూజే వేగంగా పాకిందన్నమాట. ఆ రోజు వేగంతోనే ఆ ఎడాన్ని భాగించి చూడాలి. ఒక్క ట్యూబులోనే ఉంటే అది ఆ ట్యూబు లోపం, పక్కన పెట్టండి. రకానికి ఆరేసి ట్యూబులు పెట్టేది ఇందుకే. ఇంక్యుబేటర్‌కి యూపీఎస్ దొరికితే ఈ టెన్షనే ఉండదు.

16 గంటలు, లేదా 29 గంటలు వస్తోంది

కంగారు పడకండి, లేబుల్ చూడండి. 1973లో శాస్త్రవేత్తలు ఫెల్డ్‌మన్, హోయిల్ వివరించిన మ్యూటెంట్లతో మొదలైన ఫ్రీక్వెన్సీ వరుసలో ఒకటో నంబరుది 16, ఏడో నంబరుది 29. ల్యాబులో దాచిన రకాలు (స్టాకులు) కలిసిపోయాయి.

అంచు కన్నా ముందే చిన్న చిన్న కాలనీలు

గొట్టంలో నీళ్లు నిలిచాయి. బీజాలు ఆ తడిలో కొట్టుకుపోయి ముందు మొలిచాయి. ఆ ట్యూబు కొలతకు పనికిరాదు. అగార్ పోశాక గొట్టాలను సమతలం మీద గడ్డకట్టనిచ్చి, కొన్ని రోజులు ఆరనిచ్చి నాటండి. మోస్తున్నప్పుడు వంచకండి.

చివరికొచ్చేసరికి చారలు మసక

కాటన్ ప్లగ్ మరీ బిగుతుగా పెట్టారు, లేదా అది తడిసింది. వదులుగా, పొడిగా మార్చండి.

పచ్చ మచ్చలు, లేదా పక్కవాళ్ల ప్లేట్లలో నారింజ బూజు

పచ్చది సాధారణంగా ఆస్పర్జిల్లస్ లేదా పెనిసిలియం. నాటేటప్పుడు, శుభ్రమైన గాలి వీచే హుడ్‌లో వచ్చిన కలుషితం. రెండోది మాత్రం మీ వల్లే. ఈ బీజాలు పొడిగా ఉండి చిన్న గాలికే లేస్తాయి, ఫ్రెంచ్ బేకరీలను 19వ శతాబ్దంలోనే ఏడిపించిన బూజు ఇది. కొలతలు, ఫొటోలు అన్నీ ప్లగ్ తీయకుండానే పూర్తిచేయండి. నల్ల కాగితం మీద పెట్టి స్కాన్ చేస్తే చారలు బాగా తేలతాయి, బొమ్మలు కొలిచే సాఫ్ట్‌వేర్ ఇమేజ్‌జేలో కొలుచుకోవచ్చు. తర్వాత మూసి ఉండగానే, ఒత్తిడి ఆవిరితో క్రిములను చంపే ఆటోక్లేవ్‌లో పెట్టేయండి. వేడినీళ్లలో ముంచితే చాలనుకోవద్దు. మామూలు బీజాలు 60 డిగ్రీల దగ్గర చస్తాయి కానీ, ఆస్కోస్పోర్లు (రెండు రకాలు జతకడితే ఏర్పడే గట్టి బీజాలు) ఏవైనా ఉంటే అదే వేడికి మేలుకుని మొలకెత్తుతాయి.