కోసిన గుమ్మడి ముక్క రెండ్రోజులకే జిగటగా అవుతోందా? ముందు గింజల వైపు చూడండి

ఇది తీపి గుమ్మడి గురించి, బూడిద గుమ్మడి గురించి కాదు. కాయలో సగం దప్పళంలోకి వాడేసి మిగతా సగం కవర్లో చుట్టి ఫ్రిజ్‌లో పెడతారు, మూడో రోజు తీస్తే చెక్కు గట్టిగానే ఉంటుంది, లోపల వేలు పెడితే జారుతుంది, పుల్లటి వాసన. వెంటనే ఫ్రిజ్ బాలేదనో కాయ మంచిది కాదనో అనుకుంటారు గానీ గింజలు తీశారా అని అడిగితే చాలామంది చెప్పే జవాబు ఒకటే, వండేటప్పుడు తీద్దామనుకున్నాం అని.

అసలు దొంగ అక్కడే ఉంది. గింజల చుట్టూ ఉండే పీచు ఎప్పుడూ తడిగా, వదులుగా ఉంటుంది, కోసిన దగ్గర్నుంచి నీరు వదుల్తూనే ఉంటుంది, పైన కవర్ బిగించేస్తే ఆ తడి పోయే దారి లేదు. కుళ్ళు పీచులో మొదలై కండలోకి దిగుతుంది, చెక్కు వైపు నుంచి చూస్తే మాత్రం ఏమీ తెలీదు. గింజలుంటేనే తాజాగా ఉంటుందని పెద్దవాళ్ళు అనేది కోయని కాయకి సరిపోతుంది, కోసిన ముక్కకి కాదండీ.

కోసిన వెంటనే స్టీల్ చెంచా అంచుతో గీకండి, పీచు పోయి గట్టి కండ తగిలేదాకా. కడగొద్దు, పొడి గుడ్డతో తుడవండి చాలు. కోసిన వైపు క్లింగ్ ఫిల్మ్ అంటించండి, లేదా డబ్బాలో అడుగున టిష్యూ వేసి పెట్టి అది తడిస్తే మార్చండి. ఫ్రిజ్ డోర్‌లో వద్దు, లోపలి అరలో పెట్టండి. నాలుగైదు రోజులు ఢోకా ఉండదు. చిన్న ముక్కలుగా తరిగి పెడితే అంత కాలం ఆగదు, పెద్ద ముక్కగానే ఉంచండి. బజార్లో పొద్దున్నుంచీ కోసి పెట్టిన ముక్క అయితే ఫ్రిజ్‌లో పెట్టినా లాభం లేదు, మీ ముందు కోయించుకోండి.

కోసిన కాసేపటికి పైన జిగురు చుక్కలు రావడం పాడవడం కాదు, అది కాయ రసమే. పైపొర ఎండి తెల్లబడితే పల్చగా చెక్కేసి కింద గట్టిగా, వాసన లేకుండా ఉంటే వాడుకోవచ్చు. బూజు వస్తే మాత్రం ఆ చోటు కోసేసి మిగతాది వండొద్దు, మొత్తం పారేయండి.

చేదుగా ఉండటం చాలా అరుదు. నాలిక మీద పెడితే చేదు తగిలిందంటే ఉమ్మేసి పడేయండి, ఉడికించినా ఆ చేదు పోదు.

ఆ నాలుగైదు రోజుల్లో వాడలేం అనుకుంటే తరిగి ఫ్రీజర్లో పెట్టి, కరగనివ్వకుండా నేరుగా పులుసులో వేసెయ్యండి. వేపుడికి మాత్రం పనికిరాదు, మెత్తబడిపోతుంది.