డ్రోమియోసారిడ్ అనే మాటను వాడే తీరు

చెన్నైలో మా ఇంటికి చదువుకోవడానికి వచ్చే తెలుగు పిల్లలు వేగంగా పరుగెత్తే ప్రతి మాంసాహార డైనోసార్‌నూ రాప్టర్ అనేస్తుంటారు. శాస్త్ర రచనలో మాత్రం, వాటిలో వెలోసిరాప్టర్ అనే డైనోసార్ ఉన్న కుటుంబానికి చెందినవాటినే డ్రోమియోసారిడ్ అనాలి. డ్రోమియోసారిడే అన్నది ఆ కుటుంబం పేరు కాగా, డ్రోమియోసారిడ్ అన్నది అందులోని ఏ జంతువుకైనా చెల్లే మాట. అందుకే ‘వెలోసిరాప్టర్ డ్రోమియోసారిడే’ అని మన అలవాటుకొద్దీ నొక్కి రాస్తే, అది కుటుంబం పేరుగా పొరబడే వీలుంది గనుక, ‘డ్రోమియోసారిడ్ అవుతుంది’ అని రాయడం మేలు.

డ్రోమియోసారిడ్‌ను బొమ్మలో గుర్తుపట్టాలంటే ముందుగా పాదం చూడండి: రెండో వేలికి కొడవలిలా వంగిన పెద్ద గోరు, నడకలో అరిగిపోకుండా, నేలకు తగలక పైకి లేచి ఉంటుంది. ట్రూడాంటిడ్లు అనే మరో కుటుంబం డైనోసార్లకూ అలాంటి గోరుంది కాబట్టి అదొక్కటే చాలదు. పేరులో రాప్టర్ ఉన్నా ఓవిరాప్టర్ అనే డైనోసార్ డ్రోమియోసారిడే కుటుంబానిది కాదు.