టీవీ డ్రామా రచయిత నిర్మాత కావాలంటే: పేజీలో షూటింగ్ రోజును చూడటం

సినిమాలో ఆఖరి మాట దర్శకుడిది. టీవీ డ్రామాలో దర్శకులు తరచుగా ఎపిసోడ్‌కి ఒకరు చొప్పున మారుతుంటారు, కథను మొదటి నుంచి చివరిదాకా మోసేది మాత్రం రచయితే. ఈ పాత్ర ఇలా ఎందుకు మాట్లాడదు, మూడో ఎపిసోడ్‌లో దాచిన ఉత్తరం ఎప్పుడు బయటపడాలి అన్న ప్రశ్నలకు జవాబు అతని దగ్గరే ఉంటుంది. అందుకే ఈ రంగంలో రచయితే మెల్లగా నిర్మాత అవుతాడు. అయితే రాయడం ఒక్కటే తెలిస్తే చాలదు, రాసిన పేజీకి ఎంత ఖర్చవుతుందో, ఎన్ని గంటలు పడుతుందో తెలియాలి.

ముందుగా చేతిలో ఒక సొంత పైలట్, అంటే మొదటి ఎపిసోడ్, స్క్రిప్టు ఉండాలి. గంట స్లాట్‌లో ప్రకటనలు పోను 42 నుంచి 44 నిమిషాలు మిగులుతాయి. ఓటీటీలో ఈ పట్టింపు అంతగా ఉండదు. స్క్రిప్టు 50 నుంచి 60 పేజీల మధ్య ఉంటే చదివేవాళ్లు ఇబ్బంది పడరు. సరైన ఫార్మాట్‌లో రాస్తే ఒక పేజీ సుమారు ఒక నిమిషం అన్నది ఉజ్జాయింపు లెక్క, ఎక్కువైంది ఎడిటింగ్‌లో తగ్గుతుంది. కొత్తవాళ్లు ఎక్కువగా పొరబడేది మొదటి పది పేజీల్లోనే: పాత్రల గతమంతా అక్కడే చెప్పేస్తారు. కథ నడుస్తుంటే గతం దానంతటదే బయటకొస్తుంది, తొందర అక్కర్లేదు.

పైలట్ రాసే ముందు ఒక పరీక్ష పెట్టుకోండి. పది ఎపిసోడ్లకు ఒక్కో వాక్యం చొప్పున వన్‌లైన్ రాయండి. నాలుగో ఎపిసోడ్‌కే ప్రమాదాలు, జబ్బులు, అనుకోకుండా తారసపడే మనుషులు అవసరమవుతుంటే కథలో సత్తువ లేదని అర్థం. సంఘర్షణ బయటి నుంచి రాకూడదు. ముఖ్యపాత్రకు రెండు కోరికలుండి, ఒకటి దక్కితే రెండోది చేజారేలా ఉంటే, ఆ ఒక్క ముడితో కథను సీజన్లకు సీజన్లు నడపవచ్చు.

ఎపిసోడ్‌ను కట్టే క్రమం: వన్‌లైన్, సీన్ ఆర్డర్, వివరమైన అవుట్‌లైన్, ఆ తర్వాతే డైలాగులు. ఒక ఎపిసోడ్‌లో సాధారణంగా రెండు మూడు కథలు పక్కపక్కనే నడుస్తాయి. ఒక్కో కథకు ఒక్కో రంగు కార్డులు పెట్టుకుని గోడకు అంటించండి. ఒకే రంగు వరసగా ఐదారుసార్లు కనిపించినా, ఒక రంగు ఎపిసోడ్ సగం దాకా మాయమైనా కూర్పు దెబ్బతిన్నట్టే. డైలాగులు మొదలెట్టాక ఈ లోపం దిద్దాలంటే పదిరెట్ల పని.

రచయితలంతా కూర్చుని కథ అల్లే రైటర్స్ రూమ్‌లో అడుగుపెట్టాక మొదటి నియమం ఒకటే: ‘ఇది బాలేదు’ అని ఆగిపోకుండా, దాని బదులు ఏం పెట్టొచ్చో కూడా చెప్పాలి. అమెరికా పద్ధతిలో ముఖ్యమైన మెట్లు ఇలా ఉంటాయి: స్టాఫ్ రైటర్, స్టోరీ ఎడిటర్, కో-ప్రొడ్యూసర్, ప్రొడ్యూసర్, సూపర్‌వైజింగ్ ప్రొడ్యూసర్, కో-ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్, ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్. షో మొత్తం నడిపే షోరన్నర్ అన్నది బాధ్యతను చెప్పే మాట. తెర మీద పడే పేరు మాత్రం సాధారణంగా ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసరే.

నిర్మాతగా మారే అసలు పాఠం బ్రేక్‌డౌన్‌లో, అంటే స్క్రిప్టును సీన్లుగా విడదీసి ఒక్కోదానికి ఏమేం కావాలో రాసుకోవడంలో ఉంది. ప్రతి పేజీనీ ఎనిమిది భాగాలుగా కొలిచి, సీను నిడివిని 2/8, 5/8, 1 3/8 అని రాస్తారు. 52 పేజీల ఎపిసోడ్‌కు ఎనిమిది రోజుల షూటింగ్ ఉందనుకుంటే రోజుకు ఆరున్నర పేజీలు తీయాలి. కానీ ఈ సగటును నమ్ముకుంటే మునుగుతారు. ఇలాంటి సీను ఒకటి చూడండి:

‘రాత్రి. వీధి. జోరున వాన. వందమందితో ఊరేగింపు వస్తోంది. ఆమె జనంలో తమ్ముణ్ని గుర్తుపడుతుంది.’

కాగితం మీద ఇది 2/8 కూడా లేదు. తీయడానికి మాత్రం ఒక రాత్రంతా పోతుంది: వాన యంత్రం, నీళ్ల ట్యాంకరు, వందమంది జూనియర్ ఆర్టిస్టులకు కాస్ట్యూములు, తడిసిన ప్రతిసారీ మార్చడానికి మరో జత, వీధి మూయడానికి అనుమతి. అదే ఒక గదిలో ఇద్దరు కూర్చుని మాట్లాడుకునే నాలుగు పేజీల సీను సగం రోజులో అయిపోతుంది. ఖర్చు పెంచేవి పేజీలు కావు. లొకేషన్ మార్పు, రాత్రి, జనం, నీళ్లు, నిప్పు, వాహనాలు, జంతువులు, పసిపిల్లలు పెంచుతాయి.

ఇక ఆ సీనును ఎలా తగ్గించాలి? ‘కథ ఎక్కడ మలుపు తిరుగుతోంది?’ అని అడగండి. ఇక్కడ తమ్ముణ్ని గుర్తుపట్టడమే మలుపు. అయితే ఆమెను ఇంట్లోనే ఉంచండి. డప్పుల చప్పుడు దగ్గరవుతుంది. ఆమె కిటికీ రెక్క కొంచెం తీస్తుంది. కాగడా వెలుగు ముఖం మీద కదిలిపోతుంది. కళ్లు ఒకచోట ఆగిపోతాయి. చప్పున రెక్క మూసి గడియ పెడుతుంది. ఉన్న సెట్‌లోనే, ఒక లైటు, కొంత శబ్దంతో, రెండు గంటల్లో అయిపోయే పని. పైగా ఇదే ఎక్కువ గుచ్చుకుంటుంది. ఖర్చు తగ్గించమని అడిగినప్పుడు సీను కొట్టేసే రచయితలు చాలామందే. ఇలా తిరగరాసేవాళ్లే నిర్మాతలవుతారు.

షూటింగ్ స్క్రిప్టు బయటికెళ్లాక సీన్ నంబర్లు మార్చకూడదు. 24కీ 25కీ మధ్య కొత్త సీను వస్తే అది 24ఏ అవుతుంది. తీసేసిన సీను నంబరు పక్కన ‘తొలగించాం’ అని ఉంచాలి. మార్చిన పేజీలు రంగు కాగితాల మీద వెళ్తాయి. తెలుపు తర్వాత నీలం, గులాబీ, పసుపు, ఆకుపచ్చ అన్నది బాగా వాడుకలో ఉన్న వరస. మారిన లైను పక్కన నక్షత్రం గుర్తు (*) పెడతారు. నంబర్లు మళ్లీ మొదటి నుంచి వేస్తే కాస్ట్యూమ్, కంటిన్యుటీ (షాట్ల మధ్య పొంతన చూసేది), ఆర్ట్ విభాగాల జాబితాలన్నీ ఒక్కసారిగా తప్పుతాయి. నటి తప్పు చీరలో సెట్‌కి వచ్చేది ఇందుకే.

షూటింగ్‌కు ముందు దర్శకుడితో కూర్చుని పేజీ పేజీ మాట్లాడండి: ఈ సీనులో ఎవరు అబద్ధం చెబుతున్నారు, ఎవరికి తెలుసు. సెట్ మీద ఏం చెప్పాలన్నా దర్శకుడికే, అదీ టేకుల మధ్య, పక్కకి పిలిచి చెప్పండి. నటుడికి ఇద్దరి నుంచి రెండు సూచనలు వెళ్తే నటన చెడుతుంది.

ఎడిటింగ్‌లో మొదటి కూర్పు దాదాపు ఎప్పుడూ నిడివి దాటుతుంది. ముందు సీన్ల తలా తోకా కత్తిరించండి: తలుపు తీసి రావడం, కూర్చోవడం, వీడ్కోలు మాటలు. ఏదైనా విషయం స్పష్టంగా లేకపోతే నటుడి వీపు గానీ, వినేవాళ్ల ముఖం గానీ కనిపించే షాట్ మీద డబ్బింగ్‌లో ఒక వాక్యం కలపవచ్చు. అందుకోసమే ప్రతి ముఖ్యమైన సీనులోనూ వినేవాళ్ల రియాక్షన్ షాట్ ఒకటి తీయించి ఉంచుకోవాలి.

బడ్జెట్‌లో రెండు లెక్కలు విడిగా చూడటం అలవాటు చేసుకోండి. ప్రతి ఎపిసోడ్‌కూ తిరిగొచ్చే ఖర్చు ఒకటి, సెట్లలాగా ఒక్కసారి పెట్టి సీజన్ మొత్తానికి పంచుకునే ఖర్చు ఇంకొకటి. అనుకోని ఖర్చులకు పది శాతం పక్కన పెట్టడం మామూలు పద్ధతి. ఆ డబ్బును మొదటి రెండు ఎపిసోడ్ల హంగులకే కరిగించేస్తే, ఆఖరి ఎపిసోడ్లు పూర్తిగా ఉన్న ఇంటి సెట్‌లోనే తీయాల్సి వస్తుంది, సరిగ్గా కథ పతాక స్థాయికి చేరే సమయంలో.

ఇక కాంట్రాక్టు. కథను ఆప్షన్ మీద, అంటే కొంతకాలం దాన్ని కొనే హక్కును మాత్రమే ఇస్తుంటే, గడువు ఎన్ని నెలలు, పొడిగిస్తే ఎంత చెల్లిస్తారు, గడువు దాటాక హక్కులు రాతపూర్వకంగా రచయితకు తిరిగొస్తాయా, సృష్టికర్తగా పేరు ప్రతి ఎపిసోడ్‌లోనూ పడుతుందా, రెండో సీజన్‌లో వేరేవాళ్లు రాసినా వాటా ఉంటుందా అన్న ఐదు విషయాలనూ సంతకానికి ముందే ఈ రంగం తెలిసిన లాయరుతో చదివించుకోండి.